వెనక బేరింగు

ఆ సినిమాలో ఉన్నది ఒక గోడ. యాభై రెండు నిమిషాలూ గోడే. సున్నం పెచ్చులూడిన ఆ గోడ మీద పొద్దున్నే కిటికీలోంచి ఎండ పడుతుంది, మెల్లగా పక్కకి జరుగుతుంది, సాయంత్రానికి జారిపోతుంది. ఇరవై ఏడో నిమిషంలో ఒక చీమ వస్తుంది. చీమ రావడం తాను రాసుకున్నది కాదనీ, కళే దాన్ని పంపించిందనీ దర్శకుడు అందరికీ చెప్పుకునేవాడు. చీమ మాత్రం తొమ్మిది సెకన్లు అటూ ఇటూ చూసి, ఇక్కడ మనకి పని లేదని తేల్చుకుని వెళ్ళిపోయింది. మొత్తం సినిమాలో చకచకా నిర్ణయం తీసుకున్న ప్రాణి అదొక్కటే.

దర్శకుణ్ణి అందరూ గడ్డం సారు అంటారు. మనిషికంటే గడ్డం రెండడుగులు ముందు నడుస్తుంది. మల్లెపువ్వులాంటి తెల్లబట్టలు వేసుకుంటాడు, ఎక్కడా ఆనుకోడు, దేనికీ అవునని గానీ కాదని గానీ చెప్పడు. ‘చూద్దాం’ అంటాడు. గోడని ఎనిమిది నెలలపాటు అలాగే చూశాడు.

ఆ గోడకి సంగీతం కట్టే పని డిగ్రీది.

డిగ్రీ అంటే పట్టా కాదు, మనిషి. ఇంటా వంటా లేని చదువు చదివి, వాళ్ళ వంశంలో మొదటిసారి కాలేజీ గడప దాటి పట్టాతో బయటికి వచ్చిన పిల్ల. ఆ కాగితం చేతికొచ్చిన రోజున చిన్నాన్న వరసాయన, “ఏమే డిగ్రీ, ఆ ఫ్యాను కాస్త వెయ్యవే,” అన్నాడు. అంతే, ఆ పేరు జిగురు పెట్టినట్టు అంటుకుంది. ఎడిటింగ్ రూముకి వాళ్ళమ్మ ఓసారి ఫోన్ చేసి, “మా డిగ్రీ ఉందాండీ?” అని అడగడంతో అక్కడా అదే ఖాయమైంది.

చదువయ్యాక ఆమె శబ్దాలు పట్టడం, కలపడం నేర్చుకుని ఈ రకం సినిమాల్లో చేరింది. వాళ్ళమ్మ మొదట్లో వీధంతా తిరిగి, “మా అమ్మాయి సినిమాల్లో చేస్తోంది,” అని చాటింది. “ఏ సినిమా వదినా?” అంటే చెప్పడానికి నోరు తిరిగేది కాదు. ఎందుకంటే ఇప్పటికి మూడు చేసింది, ఒక్కదాంట్లోనూ పేరు కనబడలేదు. మొదటిదాంట్లో టీ తెచ్చినాయన పేరు వచ్చింది గానీ ఈమెది మర్చిపోయారు. రెండోదాన్ని తీసినాయన, సినిమాని మట్టిలో పాతిపెట్టడమే అసలు సినిమా అని చెప్పి, పేర్లతో సహా పాతేశాడు. మూడోది మొత్తం తలకిందులుగా నడిచింది. ఆమె పేరు ఉందని అంటారు గానీ, అది చదవడానికి వాళ్ళమ్మ కుర్చీలో తల కిందికి పెట్టేలోపు దీపాలు వెలిగించేశారు.

ఈసారి గడ్డం సారు నోరారా మాటిచ్చాడు. సినిమా చివర నల్లటి తెర మీద ఆమెకంటూ ఒక కార్డు, ‘సంగీతం’ అని వేసి, కింద ఆమె పేరు ఒక్కటే. మూడు సెకన్లు. నిటారుగా. వాళ్ళమ్మ ఆ మూడు సెకన్ల కోసం వీధిలో పదకొండు మందిని పిలిచిపెట్టుకుంది.

అయితే ఆ సంగీతం అంత తేలిగ్గా పుట్టలేదు. చూపించేది వినిపించకూడదు, వినిపించేది చూపించకూడదు అనేది గడ్డం సారు సిద్ధాంతం. వయొలిన్ పెడితే “ఏడుపు” అన్నాడు. వేణువు పెడితే “గాలి” అన్నాడు. విసుగొచ్చి ఏమీ పెట్టకుండా వినిపిస్తే, “కొంచెం ఎక్కువైంది,” అన్నాడు.

ఒక మధ్యాహ్నం మూడింటికి పక్కగదిలో పంపు మోటారు వేశారు. ఎడిటింగ్ రూము మూడంతస్తుల పాత మేడ కింద ఉంది, దాని పక్కదే పంపు గది. రోజుకి రెండుసార్లు ట్యాంకు నింపుతారు. ఆ మోటారు మొదలవగానే ముసలి గేదె మూలిగినట్టు మూలుగుతుంది, రెండు నిమిషాల్లో వేడెక్కి కీచుమంటుంది, ఆ కీచు సన్నబడి పైకి పాకి, ఒకటి రెండుగా చీలి, రెండు గొంతులూ ఒకదాన్నొకటి తిట్టుకున్నట్టు పోరాడతాయి. మేడలో అందరికీ అది తలనొప్పి. డిగ్రీకి మాత్రం వొళ్ళు జలదరించింది. బిళ్ళలా ఉండే చిన్న మైకొకటుంది. దాన్ని దేనికి అంటిస్తే దాని వొంట్లో కదిలేదల్లా వినిపిస్తుంది. మాటలు దానికి పెద్దగా అంటవు, తాకుళ్ళు అంటుతాయి. ఆ బిళ్ళ తీసుకెళ్ళి మోటారు వీపుకి అతికించి పట్టింది.

గడ్డం సారు విన్నాడు. కళ్ళు తడిశాయి. ‘చూద్దాం’ అనలేదు.

ఆ ఒక్క మోటారుతోనే ఆమె నలభై ఒక్క నిమిషాలు కట్టింది. మూలుగుని పదిరెట్లు సాగదీస్తే గుహలో ఎవరో నిట్టూర్చినట్టుంది. కీచుని కిందికి దించితే గుంపు పాటలాగుంది. తిరగేస్తే, ఆగిపోయినదేదో మళ్ళీ ఊపిరి పీల్చినట్టుంది. ఎక్కడ ఎండ జరగాలో అక్కడ శబ్దం జరిగేది. ఇక మిగిలింది ఆఖరి పదకొండు నిమిషాలు. అవి మాత్రం కోత లేకుండా, కలపకుండా, మోటారు మొదలైన దగ్గర్నుంచి ట్యాంకు నిండి ఆగేదాకా ఒక్క దమ్మున పట్టింది పట్టినట్టు పెట్టాలని గడ్డం సారు పట్టు. పట్టడం ఏమంత కష్టం కాదు. కానీ ప్రతిసారీ మూడో నిమిషంలో కీచు రెండుగా చీలే చోట గడ్డం సారు ఉండబట్టలేక, “ఆహా,” అంటూ మోటారు వీపు తట్టేవాడు. అలా ఆరుసార్లు పోయింది. శుక్రవారం సాయంత్రానికి సినిమాని పోటీకి పంపాలి. మంగళవారం పట్టేద్దాం, ఈసారి చేతులు కట్టుకుని నిలబడతానని ఆయన ప్రమాణం చేశాడు.

ఆ ముందు ఆదివారం మధ్యాహ్నం డిగ్రీ తన నలభై ఒక్క నిమిషాలనీ ఇంట్లో స్పీకర్లలో పెట్టుకుని వింటోంది.

వాళ్ళ నాన్న మోటార్ల మేస్త్రీ. ముప్ఫై ఏళ్ళ సర్వీసు. ఆయన చదివింది అక్షరాలు కూడబలుక్కునేదాకానే గానీ, పొడుగాటి స్క్రూడ్రైవరు మొన మోటారుకి ఆనించి పిడిని చెవికి పెట్టుకున్నాడంటే, అది ఎప్పుడు పుట్టింది, ఎవరి చేతిలో చెడింది, ఎన్నాళ్ళు బతుకుతుంది, అన్నీ చెప్పేస్తాడు. ఆరోజు పడక్కుర్చీలో కునుకు తీస్తున్నవాడు దిగ్గున లేచాడు.

“ఎవరిదే ఆ మోటారు?”

“మా ఎడిటింగ్ రూము పక్కన పంపుది నాన్నా. ఆగు, ఇప్పుడు బాగుంటుంది, విను.”

“బాగుండటమేంటే నీ మొహం! వెనక బేరింగు పోయింది. గ్రీజు ఎండిపోయి ఎన్నేళ్ళయిందో, పాపం. ఎవడూ పట్టించుకోడా?”

“అదే నాన్నా నాకు కావాల్సింది.”

“ఇంకో రెండు నెలలు ఇలాగే తిప్పితే షాఫ్టుని కూడా తినేస్తుంది.” ఆయన స్పీకరు దగ్గరికొచ్చి గొంతుక్కూర్చున్నాడు. “ఇదిగో, ఇక్కడ అతికావు కదూ? ఇటు పక్క కరెంటు తక్కువగా ఉన్నప్పటిది, అటు పక్క ఎక్కువగా ఉన్నప్పటిది.”

డిగ్రీ చప్పున తండ్రి వంక తిరిగింది. ఆ అతుకు ఆమె మూడు రోజులు కూర్చుని చేసింది. గడ్డం సారు దాన్ని నూరుసార్లు విని, “ఏకధార,” అన్నాడు.

వంటింట్లోంచి వాళ్ళమ్మ కేకేసింది. “తండ్రీకూతుళ్ళు ఆ గోల ఆపుతారా, నన్ను మా పుట్టింటికి పొమ్మంటారా?”

“అమ్మా, ఇది సంగీతం!”

“సంగీతమైతే మీ నాన్న మొహం అలా అయిందేమే, ఎవరో పోయినట్టు?”

“ఎంత బాధపడుతోందో వింటున్నావా నువ్వు?” అన్నాడు నాన్న, స్పీకరు మీద చెయ్యి వేసి.

డిగ్రీ పొంగిపోయింది. ఎనిమిది నెలల్లో తన పని ఇంత లోతుగా విన్న మనిషి లేడు. నాన్నకి సంగీతం అర్థమైంది అనుకుంది. అక్కడే పప్పులో కాలేసింది.

మంగళవారం మూడింటికి అంతా సిద్ధమైంది. బిళ్ళమైకు మోటారు వీపు మీద, హెడ్‌ఫోన్లు ఆమె చెవులకి. గడ్డం సారు ఇచ్చిన మాట ప్రకారం చేతులు కట్టుకుని కళ్ళు మూసుకున్నాడు. వాచ్‌మన్ స్విచ్చి వేశాడు.

ఏమీ వినబడలేదు.

తీగ ఊడిందేమోనని చూసింది. ఊడలేదు. శబ్దం పెంచింది. ఇంకా పెంచింది. హెడ్‌ఫోన్లు తీసి చూస్తే మోటారు తిరుగుతోంది. చెయ్యి వేసింది. కడుపు నిండిన పిల్లిలా గురుగురుమంటోంది, అంతే.

“ఎలా ఉందమ్మా?” అన్నాడు వాచ్‌మన్, సొంత కొడుకు పెళ్ళిలో నిలబడ్డట్టు నిలబడి. “మీ నాన్నగారు బంగారంలాంటి మనిషి. నిన్న పొద్దున్నే వచ్చారు. ఎవరు పంపారండీ అంటే మా అమ్మాయి అన్నారు. మధ్యాహ్నందాకా ఒంటిచేత్తో అంతా విప్పి, కొత్త బేరింగు వేసి, గ్రీజు పెట్టి, పోతూ పోతూ మోటారుకి చెమట కూడా తుడిచిపోయారు.”

సోమవారం ఎడిటింగ్ రూముకి సెలవు.

గడ్డం సారు కళ్ళు తెరిచాడు. “ఏది?”

“లేదు సార్.”

“ఏం లేదు?”

“ఏడుపు లేదు సార్. మా నాన్న బాగుచేశారు.”

ఎనిమిది నెలల్లో ఎక్కడా ఆనుకోని మనిషి తెల్లబట్టలతో పంపు గది గచ్చు మీద చతికిలబడ్డాడు. “ఎందుకు?”

“పాడైందని సార్.”

“పాడవడమే దాని బతుకమ్మా!” అని గడ్డం పీక్కున్నాడు. “కందకు లేని దురద కత్తిపీటకెందుకు? మోటారు అడిగిందా? నేనడిగానా?” కాసేపటికి తేరుకుని లేచి, వెనక అంటిన గ్రీజు మరక చూసుకుని, అప్పుడు అసలు కోపం తెచ్చుకున్నాడు. “చూడూ, శుక్రవారం సాయంత్రం గడువు. నాకు ఆ పాత గొంతు కావాలి. ఎలా తెస్తావో తీసుకురా. లేదా ఆఖరి పదకొండు నిమిషాలకి మా బావమరిది కీబోర్డు వాయిస్తాడు. అప్పుడు తెర మీద ‘సంగీతం’ వాడి పేరు.”

“మరి నాది సార్?”

“శబ్ద సహాయం,” అన్నాడు గడ్డం సారు. “అందరితోపాటు.”

డిగ్రీ ఇంటికెళ్ళేసరికి నాన్న గుమ్మంలోనే ఉన్నాడు, పరీక్షలో మొదటి మార్కు తెచ్చుకున్న పిల్లాడిలా.

“విన్నావా? వెన్నపూసలా తిరుగుతోందా?”

ఆమె చెప్పులు విడిచి, సంచి కింద పెట్టి, ఉన్నదున్నట్టు చెప్పింది. కార్డు సంగతి, బావమరిది సంగతి, శుక్రవారం సంగతి. నాన్న మొహం ముడుచుకుపోయింది.

“అంటే ఏంటే నువ్వనేది?”

“ఆ పాత బేరింగు మళ్ళీ పెట్టు నాన్నా. ఒక్క పావుగంట. పట్టేసుకుని మళ్ళీ తీసేద్దాం.”

“ఎద్దు పుండు కాకికి ముద్దు అని ఊరికే అన్నారా! బాగైన జబ్బుని మళ్ళీ అంటించమంటావా, నా చేత్తో? ముప్ఫై ఏళ్ళయింది నేనీ పనిలో. బాగుచేసినవి లెక్కలేదు, పాడుచేసింది ఒక్కటీ లేదు.”

“మా అన్నయ్య మిక్సీ?” అంది అమ్మ లోపల్నుంచి.

“అది బాగుచేయబోతే పాడైంది. అది వేరు.”

“మా పిన్ని కుట్టుమిషను?”

“అసలు నువ్వెవరి పక్షం?”

“నేను ఆ మూడు సెకన్ల పక్షం,” అంది అమ్మ, చెయ్యి తుడుచుకుంటూ బయటికొచ్చి. “వీధిలో పదకొండు మందిని పిలిచాను. వాళ్ళ ముందు ఎవడో బావమరిది పేరు పడితే నేను ఏ గంగలో దూకాలి? దానికి కావాల్సింది కీచుమనే మోటారైతే కీచుమనిపించు. నువ్వేం డాక్టరువా, ఒట్టు పెట్టుకోడానికి?”

నాన్న కూతురి వంక చూశాడు. డిగ్రీ ఏడ్చి ఉంటే ఆయన నాలుగు తిట్టి ఊరుకునేవాడు. ఆమె ఏడవలేదు. “సరేలే నాన్నా, నువ్వు మంచిపనే చేశావు,” అని, నేల మీద కూర్చుని తీగలు చుట్టుకుంటోంది, ఒక్కోటీ ముడిపడకుండా, ఆయనే నేర్పిన పద్ధతిలో. ఆయన పడక్కుర్చీలో కూర్చున్నాడు, లేచాడు, మళ్ళీ కూర్చున్నాడు.

“రేపు రెండింటికి వస్తాను,” అన్నాడు చివరికి. “పాత బేరింగు సంచిలోనే ఉంది. పారేయలేదు.”

బుధవారం రెండింటికి పంపు గదిలో పెద్ద సభ తయారైంది. గడ్డం సారు, ఈసారి నల్లబట్టల్లో. నాన్న, పనిముట్ల సంచితో. డిగ్రీ, మైకుతో. ఇద్దరు పెద్దమనుషులకీ పరిచయం చేసింది ఆమే.

“మీరొక గొంతు నొక్కేశారండీ,” అన్నాడు గడ్డం సారు.

“గొంతు కాదండీ, వెనక బేరింగు,” అన్నాడు నాన్న మర్యాదగానే.

నాన్న సంచి విప్పి, పానాలు వరసగా పరిచి, కాగితంలో చుట్టిన పాత బేరింగు తీశాడు. తుప్పు రంగు తిరిగి, లోపల గోళీలు గలగలమంటున్నాయి. దాన్ని అరచేతిలో పెట్టుకుని మోటారు వంక చూశాడు. పానా తీశాడు. బోల్టు మీద పెట్టాడు. తిప్పలేదు. తీసి, ఇంకో పానా చూశాడు. సరిపోయే పానా మొదటిదేనని ఆయనకీ తెలుసు, కూతురికీ తెలుసు.

అప్పుడు మెట్ల మీద కర్ర చప్పుడైంది. రెండో అంతస్తు మామ్మగారు దిగి వచ్చింది.

“ఏం చేస్తున్నావు నాయనా? మొన్న బాగుచేసింది నువ్వేగా, నువ్వు నా ఆయుష్షు కూడా పోసుకోవాలి. మళ్ళీ ఏమొచ్చింది దానికి?”

“ఏం రాలేదండీ. పాత బేరింగు పెడదామని.”

“ఎందుకు?”

నాన్న డిగ్రీని చూశాడు, డిగ్రీ గడ్డం సారుని చూసింది, గడ్డం సారు గోడని చూశాడు. ఆయనకది అలవాటు. తర్వాత గొంతు సవరించుకుని చెప్పడం మొదలుపెట్టాడు. కాలం, క్షయం, ఇనుము వేదన, గోడ మీద జరిగే వెలుతురు. అన్నీ చెప్పాడు. మామ్మగారు కర్ర మీద గడ్డం ఆనించి ఓపిగ్గా విన్నది.

“అయిందా?” అంది. “నాలుగేళ్ళుగా మధ్యాహ్నం మూడింటికి కాస్త నడుం వాలుద్దామంటే ఈ దిక్కుమాలినది నా నెత్తిన రంపం పెట్టి కోసింది. నిన్ననే కంటినిండా పడుకున్నాను. మధ్యలో తెగిపోకుండా ఒక కల ఆఖరిదాకా వచ్చింది. నీ గోడ కోసం నా తలకాయ కోస్తావా?”

“ఇది కళ అమ్మా. యాభై ఏళ్ళ తర్వాత కూడా జనం ఈ సినిమా గురించి మాట్లాడుకుంటారు.”

“యాభై ఏళ్ళ తర్వాత నేను బాగానే పడుకుంటాన్లే. ఈ మధ్యాహ్నం సంగతి చెప్పు.”

అలా అని, మూలనున్న స్టూలు కర్రతో లాక్కుని మోటారుకి అడ్డంగా కూర్చుంది. “ముందు నన్ను విప్పండి, తర్వాత దాన్ని విప్పుదురుగాని.”

నాన్న పానా కింద పెట్టేశాడు. అంత తొందరగా ఆయన ఏ పనీ మానుకోవడం డిగ్రీ చూడలేదు.

అదే సమయానికి బావమరిది దిగాడు, నిలువెత్తు కీబోర్డు భుజాన వేసుకుని. “బావా, ఎక్కడ పెట్టమంటావు?” అంటూ ద్వారంలో ఇరుక్కున్నాడు. గడ్డం సారు ఆయన మీద అరుస్తున్నాడు, మామ్మగారు గడ్డం సారు మీద అరుస్తోంది, వాచ్‌మన్ అందరికీ సర్దిచెబుతున్నాడు. ఇంత గొడవలో డిగ్రీ చేతిలో బిళ్ళమైకు ఊరికే ఉండిపోయింది. మోటారు దగ్గరికి వెళ్ళే దారి లేదు. ఖాళీగా నిలబడటం చేతకాని మనిషి కాబట్టి దాన్ని తన పక్కనే గోడవారగా పైకెళ్ళే ఇనప పైపుకి అంటించి, హెడ్‌ఫోన్లు తగిలించుకుని, అలవాటుగా రికార్డు మీట నొక్కింది.

మూడైంది. ఎవరి గొడవ ఎలా ఉన్నా ట్యాంకు నింపడం తన డ్యూటీ కాబట్టి వాచ్‌మన్ స్విచ్చి వేశాడు.

డిగ్రీ ఒక్కసారి చెయ్యి పైకెత్తింది.

ఆమె చెయ్యెత్తడం అక్కడెవరూ ఎరగరు. అందరూ ఠక్కున ఆగిపోయారు, ఎక్కడివాళ్ళక్కడ. గడ్డం సారు నోరు ‘నువ్వసలు’ దగ్గర తెరుచుకుని ఉండిపోయింది. బావమరిది కీబోర్డు భుజాన్నుంచి సగం దించి, దించడమా ఎత్తడమా తెలియక అలాగే పట్టుకున్నాడు. మామ్మగారు కర్ర నేలకి తగలకుండా గాల్లో పెట్టింది.

ముందు గాలి వచ్చింది. పైపు లోపల ఎవరో పెద్ద ఊపిరి తీసుకున్నట్టు. ఆ వెనకే నీళ్ళు. మోటారు కీచులాడినన్నాళ్ళూ వాటి గొంతు ఎవరికీ వినబడలేదు. ఇప్పుడు ఒక్కో మూలా తడుముకుంటూ, మలుపు దగ్గర తడబడి, మళ్ళీ అందుకుని పైకి పాకుతున్నాయి. నాన్న ఆమె మొహం చూశాడు. సంచిలోంచి పొడుగు స్క్రూడ్రైవరు తీసి, పైపుకి అటు పక్క ఆనించి, పిడి చెవికి పెట్టుకున్నాడు. ఆనించినప్పుడు టిక్కుమంది. డిగ్రీ కళ్ళెర్రజేసింది. ఆయన ఊపిరి బిగబట్టాడు.

కొంచెంసేపటికి ఆయన ఒక వేలు చూపించాడు. మొదటి అంతస్తు. తర్వాత రెండు వేళ్ళు. పక్క పైపులో ఎవరో పైన కొళాయి తిప్పారు, అదొక సన్నటి ఈల, ఎక్కే నీళ్ళ పక్కన దిగే నీళ్ళు. ఆయన కనుబొమలెగరేసి, గాల్లో కొళాయి తిప్పినట్టు చూపించాడు. ఆమె తలూపింది. మూడు వేళ్ళు. ఆ పైన ట్యాంకు. మొదట ఖాళీ ఇనుము మీద పడ్డ చప్పుడు, తర్వాత నీళ్ళ మీద నీళ్ళు పడే చప్పుడు, నిండుతున్నకొద్దీ గొంతు మారిపోతూ. తండ్రీ కూతుళ్ళు పైపుకి చెరో పక్కా చెవి పెట్టుకుని, ఒకరినొకరు చూసుకుంటూ పదకొండు నిమిషాలు నిలబడ్డారు. మామ్మగారు కర్ర ఒళ్ళో పెట్టుకుని కునుకు తీసింది. బావమరిది కీబోర్డు కింద భుజం వొణుకుతోంది గానీ, పాపం, మంచివాడు, కదల్లేదు.

ట్యాంకు నిండింది. మోటారు ఆగింది. పైపులో మిగిలిన నీళ్ళు ఒక్కసారి కిందికి జారి, గ్లక్కుమని, ఆ తర్వాత ఒక్కో చుక్కా.

డిగ్రీ మళ్ళీ మీట నొక్కి, “పంపు గది పైపు, ఒకటో టేకు, అయింది,” అని పైకే చెప్పింది. అందరూ ఊపిరి వదిలారు.

“ఆఖరి పదకొండు నిమిషాలూ ఇవే సార్,” అంది.

“ఇందులో బాధ లేదు,” అన్నాడు గడ్డం సారు, ఇంకా వినకుండానే.

“బాధ ముందున్న నలభై ఒక్క నిమిషాల్లోనూ ఉంది కదా సార్. గోడ చూసేవాళ్ళూ మనుషులే.”

గడ్డం సారుకి తల కొట్టేసినట్టయింది. బావమరిది వైపు తిరిగాడు. “నువ్వు వాయించు.”

బావమరిది కీబోర్డు దించి భుజం రుద్దుకున్నాడు. “బావా, నిజం చెప్పనా? దీంట్లో నాలుగే ఉన్నాయి. వాన, గుర్రం, గంట, చప్పట్లు. పెళ్ళి వీడియోలకి చాలు. గోడ అని నువ్వు ముందే చెప్పి ఉంటే ఇంత బరువు మోసుకుని వచ్చేవాణ్ణి కాదు. గుర్రం పెట్టమంటే పెడతాను. బాగోదు. అక్కకి మాత్రం నేను వాయించానని చెప్పు.”

గడ్డం సారు కీబోర్డుని చూశాడు, పైపుని చూశాడు. తర్వాత చెయ్యి చాచాడు. డిగ్రీ హెడ్‌ఫోన్లు ఇచ్చింది. మెట్టు మీద కూర్చుని, మొదట్నుంచి పెట్టించుకుని, కళ్ళు మూసుకుని విన్నాడు. ఆయన వింటున్నంతసేపూ ఎవరూ వెళ్ళలేదు. నాన్న పానాలు ఒక్కోటీ తుడిచి సంచిలో పెట్టుకుంటూ పైపు అడుగున ఒకచోట వేలితో తడిమాడు.

“ఈ వాల్వు కూడా కొంచెం కారుతోందే...”

“నాన్నా!”

“చెప్పానంతే. ముట్టుకోలేదు.”

పదకొండు నిమిషాలయ్యాయి. గడ్డం సారు కళ్ళు తెరిచి హెడ్‌ఫోన్లు తీశాడు. కాలం గురించో, క్షయం గురించో ఏదో ఒకటి అంటాడని అందరూ సిద్ధపడ్డారు.

“దాహం వేస్తోంది,” అన్నాడు.

మామ్మగారు మేలుకుని బావమరిదిని పైకి తోలింది. ఆయన తెచ్చిన గ్లాసుని గడ్డం సారు ఎత్తిపట్టి, గడ్డమంతా తడుపుకుంటూ గటగటా తాగేశాడు. మూతి తుడుచుకున్నాడు. ఎనిమిది నెలల్లో ఆయన మామూలు మనిషిలా కనిపించడం డిగ్రీకి అదే మొదలు.

“సరే, పెట్టు,” అన్నాడు. జేబులోంచి కాగితం, పెన్నూ తీశాడు, కొంచెం పెద్దరికం తిరిగి తెచ్చుకుంటూ. “కార్డు నీదే. కానీ దీన్ని సంగీతం అనలేం, నా సిద్ధాంతం ఒప్పుకోదు. అలాగని ఉత్త శబ్దం అనీ అనలేం. రెండింట్లో ఏదో ఒకటి తేల్చుకోవాలి. ఏం వెయ్యమంటావు?”

డిగ్రీ తీగ చుట్టడం ఆపింది.

“రెండూ వేయండి సార్. రెండూ నేనే చేశాను.”

గడ్డం సారు పెన్ను గాల్లో ఆగింది. ఖాళీ గ్లాసు కోసం మామ్మగారు చెయ్యి చాచింది.

“రాసుకో నాయనా,” అంది, “మర్చిపోతావు.”